తలలు లెక్కపెట్టని ప్రయాణం

హైదరాబాద్ సాలార్‌జంగ్ మ్యూజియానికి నేను ఏడుసార్లు వెళ్లాను. అయినా ఆ మ్యూజియం నేను చూడలేదు. చెబితే నవ్వుతారు గానీ ఇది నిజం. సోషల్ టీచరుగా చేసిన ముప్ఫై ఏళ్లలో ఏడుసార్లు పిల్లల్ని అక్కడికి ఎక్స్‌కర్షన్ తీసుకెళ్లాను. గంట కొట్టే బొమ్మ గడియారం ముందు జనమంతా నోరు తెరుచుకుని చూస్తుంటే, నేను మాత్రం గడియారానికి వీపు పెట్టి పిల్లల తలలు లెక్కపెట్టుకుంటూ నిలబడేదాన్ని. నలభై ఆరు ఉండాలి, నలభై అయిదే ఉన్నాయి... ఆ ఒక్కడూ ఎక్కడికి పోయాడు? మేలిముసుగు రెబెక్కా దగ్గర కూడా అదే కథ. ఆ పాలరాతి ముసుగులోంచి మొహం ఎలా కనబడుతుందో పిల్లలకు వివరించానే గానీ, రెండు నిమిషాలు ఆగి నేను చూసిన పాపాన పోలేదు.

రిటైరయ్యాక ఒకరోజు ఈ మాట అంటే, నాతో పనిచేసిన ముగ్గురూ 'మాదీ అదే కదా' అన్నారు. హిందీ మేడమ్ మాలో పెద్దది, అరవై ఎనిమిదేళ్లు. డ్రాయింగ్ టీచరు, లెక్కలావిడ, నేను ఇంచుమించు ఒక ఈడువాళ్లం. నలుగురికీ మ్యూజియాలంటే ఇష్టం. నలుగురం కర్నూలులోనే ఉంటాం. ఇంకేం, ఒక రాత్రి ఎక్కడైనా ఉండి, తీరిగ్గా చూసి వద్దామనుకున్నాం.

అనుకోవడం తేలికే. ఆ ఒక్క రాత్రి ప్రయాణానికి మాకు నాలుగు నెలలు పట్టింది. ఎందుకు పట్టిందో, ఎలా కుదిరిందో చెబితే మీలో కొందరికైనా ఉపయోగపడుతుందని ఈ నాలుగు మాటలు.

రెండున్నర గంటల గీత

మొదట అందరి మనసూ హైదరాబాద్ మీదే. కానీ లెక్కలావిడ మాట్లాడలేదు. వాళ్లాయనకు పక్షవాతం వచ్చి ఏడాదిన్నర దాటింది. కుడి చెయ్యి, కుడి కాలు స్వాధీనంలో లేవు. మాట ముద్దముద్దగా వస్తుంది. కొడుకు పూణేలో ఉద్యోగం. రాత్రి రెండుసార్లు ఆయన్ని పక్కకు తిప్పాలి, లేపి బాత్‌రూముకు తీసుకెళ్లాలి. ఈ ఏడాదిన్నరలో ఆమె ఒక్క రాత్రి కూడా ఇల్లు దాటలేదు.

"మీరు పోయి రాండి. నేను ఫోటోలు చూస్తాలే" అంది.

"ఫోటోలు చూసేదానికైతే మేమెందుకు పోవడం?" అంది హిందీ మేడమ్. "నువ్వు ఎంత దూరం రాగలవో చెప్పు. అంత దూరమే పోదాం."

లెక్కలావిడ కాసేపు ఆలోచించి, "ఫోనొస్తే రెండున్నర గంటల్లో ఇంట్లో ఉండాల" అంది.

అదీ మా ప్రయాణానికి తొలి సూత్రం. పటం ముందేసుకుని కర్నూలు చుట్టూ రెండున్నర గంటల గీత గీశాం. హైదరాబాద్ గీత అవతల పడింది. లోపల ఏముందా అని చూస్తే కళ్లు తిరిగాయి. నంద్యాల, మహానంది, ఆళ్లగడ్డ, యాగంటి, బేతంచెర్ల... పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచీ వింటున్న పేర్లే. లెక్కలావిడయితే యాగంటి అసలు చూడనే లేదు. 'రిటైరయ్యాక పోదాంలే' అని వాళ్లాయన అంటూ వచ్చారట.

"అక్కడ మ్యూజియం యాడుంది?" అంది డ్రాయింగ్ టీచరు. నిజమే, గాజు పెట్టెలూ టికెట్ కౌంటరూ ఉన్న మ్యూజియం ఆ దారిలో మాకు తట్టలేదు. కానీ గాజు పెట్టెల్లోకి చేరే వస్తువులు ఎక్కడో ఒకచోట తయారవుతాయి, ఎక్కడో ఒకచోట దొరుకుతాయి కదా. ఆ చోట్లు మాత్రం మా గీత లోపలే ఉన్నాయి.

ముందు మోకాళ్లు, తర్వాత ఊళ్లు

ఏ ప్రయాణమైనా ఊళ్ల పేర్లతో మొదలుపెడతాం. అరవై దాటినవాళ్లు మోకాళ్లతో మొదలుపెట్టాలి. మా డ్రాయింగ్ టీచరు ఇచ్చిన మంచి సలహా ఏమిటంటే, 'ముందొకసారి రిహార్సల్ వేద్దాం' అని.

రిహార్సల్‌కి అలంపురం వెళ్లాం. కర్నూలు నుంచి తుంగభద్ర దాటితే దగ్గరే. బాదామి చాళుక్యుల కాలంలో, 7, 8 శతాబ్దాల్లో కట్టిన నవబ్రహ్మ ఆలయాలు అక్కడున్నాయి. పేరుకు బ్రహ్మలే గానీ తొమ్మిదీ శివాలయాలే. పక్కనే పురావస్తు మ్యూజియం. శ్రీశైలం ప్రాజెక్టు ముంపులో పోవలసిన కూడవెల్లి సంగమేశ్వరాలయాన్ని రాయి రాయీ విప్పి తెచ్చి అక్కడే మళ్లీ కట్టారు.

ఆ పూట మాకు తెలిసిన సంగతులివి. హిందీ మేడమ్ నలభై నిమిషాలు నిలబడగలదు, ఆ తర్వాత ఇరవై నిమిషాలు కూర్చోవాలి. మెట్లు ఎక్కగలదు, దిగడమే కష్టం. డ్రాయింగ్ టీచర్ని ఒక విగ్రహం ముందు నిలబెడితే అరగంట కదలదు. నాకు ప్రతి రెండు గంటలకూ బాత్‌రూము కావాలి. ఈ చివరి సంగతి సిగ్గుపడి చెప్పకపోతే ప్రయాణమంతా నీళ్లు తాగకుండా గడిపి తలనొప్పి తెచ్చుకునేదాన్ని. స్నేహితుల దగ్గర సిగ్గేమిటండీ? ముందే చెప్పేశాను. ఆగవలసిన పెట్రోలు బంకులూ హోటళ్లూ కూడా ప్లానులో రాసేసుకున్నాం.

ఆ రిహార్సల్ మా మోకాళ్లకే కాదు, లెక్కలావిడ ఇంటికి కూడా. ఆ సాయంత్రం నాలుగు నుంచి తొమ్మిది దాకా వాళ్లాయన దగ్గర ఒక కుర్రాణ్ణి పెట్టి చూశారు. ఆసుపత్రిలో వార్డుబాయ్‌గా పనిచేసిన అనుభవం ఉన్నవాడు. వెళ్లేసరికి ఆయన మొహం చిట్లించుకుని ఉన్నారట. కారణం కుర్రాడు కాదు, పెరుగన్నంలో ఉప్పు ఎక్కువైంది. అంతే.

ఒక్క రాత్రికి ఎంత ఏర్పాటు!

ఉప్పు సంగతి కూడా కాగితమెక్కింది. ఏ మాత్ర ఎప్పుడు, ఏ వైపు తిప్పి పడుకోబెట్టాలి, ఏ దిండు ఎక్కడ పెట్టాలి, డాక్టరు నంబరు, అంబులెన్సు 108, పక్కింటివాళ్ల నంబరు అన్నీ పెద్ద అక్షరాలతో రాసి ఫ్రిజ్ తలుపుకు అంటించింది లెక్కలావిడ. కుర్రాడికి తోడు డోన్‌లో ఉన్న ఆడబిడ్డను రమ్మంది. ఆ ఫోను చేయడానికే ఆమెకు పదిహేను రోజులు పట్టింది.

"మీ అన్నని ఒక రాత్రి చూసుకోమ్మా, నేను ఊరికి పోయొస్తా అని ఎట్ల అడిగేది? ఏం పనిమీద అంటే ఏం చెప్పేది? రాళ్లు చూసేదానికి అనా?"

చివరికి అడిగింది. ఆడబిడ్డ అన్న మాట ఏమిటో తెలుసా? "ఇన్నాళ్లూ ఎందుకు అడగలేదొదినా? మా అన్నే గదా!" అందట.

మనలో చాలామందిమి ఈ పదిహేను రోజుల దగ్గరే ఆగిపోతాం. అడిగితే కాదంటారేమో అనుకుంటాం. అసలు అడగడమే తప్పేమో అని కూడా అనుకుంటాం. అత్తగారికి, మామగారికి, భర్తకు, మనవళ్లకు చాకిరీ చేసేవాళ్లు ఒక్క రాత్రి సెలవు అడిగితే అది బాధ్యత వదిలేయడం కాదు. తిరిగొచ్చి మళ్లీ అదే పని చేయాలంటే ఆ ఒక్క రాత్రి కావాలి.

ఇక మిగతా ప్లాను గంటలో తేలింది. సంక్రాంతి జనం తగ్గాక జనవరి చివర్లో వెళ్లాలి, ఎండ ఉండదు. శని, ఆదివారాలు వద్దు, సోమవారం శివాలయంలో రద్దీ. మంగళవారం ప్రయాణమంటే హిందీ మేడమ్ ఒప్పుకోదు. కాబట్టి బుధ, గురువారాలు. రోజుకు రెండు చోట్లకు మించి చూడకూడదు. రాత్రి బస నంద్యాలలో. 2022 ఏప్రిల్‌లో జిల్లా కేంద్రమైన ఊరు, ఆసుపత్రులున్నాయి, హోటళ్లున్నాయి.

రోజుకు రెండే అనేసరికి పెద్ద చర్చ జరిగింది. నంద్యాల దాకా పోయి మహానంది కోనేట్లో కాళ్లు తడపకుండా వస్తారా అని ఒకరు. ఆళ్లగడ్డ పోయి అహోబిలం వదిలేస్తారా అని ఇంకొకరు. బెలుం గుహలు నేను చూద్దామన్నాను. 3 కిలోమీటర్లకు పైగా పొడవున్న ఆ గుహల్లో దాదాపు కిలోమీటరున్నర దాకా చూడొచ్చు. 1884లోనే బ్రూస్ ఫుట్ దొర రాసిపెట్టిన గుహలవి. సందర్శకులకు తెరిచింది 2002లో. కానీ లోపల ఉక్క, మెట్లు, కొన్నిచోట్ల వంగి నడవాలి. హిందీ మేడమ్ బయట కూర్చుంటానంది. ఒకరిని బయట కూర్చోబెట్టి ముగ్గురం చూసే చోటు మా ప్లానులో వద్దని నేనే కొట్టేశాను. మహానంది, అహోబిలం కూడా వచ్చేసారికి జరిగాయి. వదిలేయడం నేర్చుకుంటేనే ప్లాను కుదురుతుంది.

తలా 3,500 వేసి 14,000 ఒక పర్సులో పెట్టి లెక్కలావిడకు అప్పజెప్పాం. ఇంకెవరికి అప్పజెబుతాం?

ఆళ్లగడ్డ ఉలి చప్పుడు

బుధవారం తొమ్మిదింటికి, లెక్కలావిడ వాళ్లాయనకు టిఫిను పెట్టి మాత్రలిచ్చాక బయల్దేరాం. దారిలో ఓర్వకల్లు రాళ్లగుట్టల దగ్గర టీ. నంద్యాలలో భోంచేసి, మధ్యాహ్నానికి ఆళ్లగడ్డ చేరాం. నంద్యాల నుంచి నలభై కిలోమీటర్ల పైచిలుకు, కడప రోడ్డు మీద.

ఆళ్లగడ్డ అంటే చాలామందికి గుర్తొచ్చే సంగతులు వేరు. కానీ ఊళ్లలో కొత్తగా గుడి కడితే విగ్రహం ఎక్కడ చెక్కించారని అడగండి, ఆళ్లగడ్డ అనే జవాబు తరచుగా వస్తుంది. రోడ్డు పక్క రేకుల షెడ్లలో వరసగా దేవుళ్లు. కాళ్లు ఇంకా రాతిలోనే ఉన్న హనుమంతుడు, మొహం తేలని అమ్మవారు, తొండం ఒక్కటే పూర్తయిన వినాయకుడు. ఉలి చప్పుడుతో పాటు కరెంటు మిషన్ల రొద. తెల్లటి రాతిపొడి. పనివాళ్లు ముక్కులకు గుడ్డ కట్టుకున్నారు. ఆ దుమ్ము ఊపిరితిత్తులకు ఎంత చేటో తెలిసినదాన్ని కాబట్టి ఆ గుడ్డలు చూస్తే మనసు చివుక్కుమంది. మేమూ కొంగులు ముక్కులకు అడ్డం పెట్టుకున్నాం.

ఒక షెడ్డులో పెద్దాయన మమ్మల్ని చూసి, "కొనేదానికా, చూసేదానికా?" అన్నాడు.

"చూసేదానికేనన్నా. పనికి అడ్డమైతే పోతాం."

"చూసేదానికి ఎవరొస్తారు తల్లీ! కూసోండి" అని నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు వేయించాడు. హిందీ మేడమ్ మోకాళ్లు ఆయన్ని ఆశీర్వదించి ఉంటాయి.

ఆయన రాయిని ఉలితో తట్టి వినిపించాడు. ఒక రాయి గంటలా ఖంగుమంది, ఇంకొకటి బొద్దుగా పలికింది. శబ్దాన్ని బట్టి పురుష శిల, స్త్రీ శిల, నపుంసక శిల అని విభజిస్తారట. ఏ శిలతో ఏం చెయ్యాలో శిల్పశాస్త్రం చెబుతుంది. తర్వాత కొలతలు. ముఖం పొడవు ఒక తాళం. తాళానికి పన్నెండు అంగుళాలు. ఇవి మన స్కేలు మీది అంగుళాలు కావు, ఆ విగ్రహానికే చెందిన అంగుళాలు. విగ్రహం ఎంత పెద్దదైతే దాని అంగుళం అంత పెద్దది. నవతాళమంటే మొత్తం ఎత్తు తొమ్మిది ముఖాలు. పెద్ద దేవుళ్లకు దశతాళం.

అంతవరకూ ఫోను చేతిలో పట్టుకుని ఇంటి సంగతే ఆలోచిస్తున్న లెక్కలావిడ గభాలున ముందుకు వంగింది. "అంటే నిష్పత్తే గదా! జానెడు విగ్రహానికైనా, ఇరవై అడుగుల విగ్రహానికైనా ఒకటే లెక్క!" ఫోను బ్యాగులో పెట్టి, కాగితం తీసి, ఆయన చెప్పిన కొలతలు రాసుకోవడం మొదలుపెట్టింది. ముప్ఫై ఏళ్లు నిష్పత్తులు చెప్పాను, ఇది ముందే తెలిస్తే పిల్లలకు ఇలాగే చెప్పేదాన్నని దారంతా అంటూనే ఉంది.

డ్రాయింగ్ టీచరు ఒక మూల కూర్చుని పూర్తికాని అమ్మవారిని గీసుకుంది. "కళ్లు ఎప్పుడు చెక్కుతారు?" అనడిగితే ఆయన నవ్వాడు. "కండ్లు తెరిపించేది ఆఖర్న తల్లీ. అంతవరకూ రాయే. కండ్లు తెరిచినాకనే దేవుడు."

ఎవరూ లేపలేదు

ఆ రాత్రి నంద్యాలలో మా ప్లానుకు మొదటి దెబ్బ తగిలింది. లాడ్జి వాళ్లు ఫోనులో కింది అంతస్తులో రెండు గదులని చెప్పారు. తీరా వెళితే రెండో అంతస్తులో ఇచ్చారు, లిఫ్టు రిపేరు. హిందీ మేడమ్ రిసెప్షన్‌లో కుర్చీ లాక్కుని కూర్చుని, "బాబూ, నువ్వు మాటిచ్చింది ఎవరికో తెలుసా? హాజరు పట్టీలో మాట మార్చినవాళ్లను బెంచీ ఎక్కించిన దానికి" అంది. కుర్రాడు తలగోక్కుని కింద ఉన్న ఒకే ఒక గదిలో రెండు పరుపులు అదనంగా వేయించాడు. నలుగురం ఒకే గదిలో! హాస్టల్ రోజులు గుర్తొచ్చాయి.

తొమ్మిదింటికి లెక్కలావిడ ఇంటికి ఫోను చేసింది. ఆడబిడ్డ అంతా బాగుందని చెప్పి ఫోను ఆయన చెవి దగ్గర పెట్టింది. ఆయన ఏదో అడిగారు. మాకు అర్థం కాలేదు. ఆమెకు అర్థమైంది. "ఆయన అడుగుతున్నారు, యాగంటిలో కాకులుండవంటారే, నిజమో కాదో చూసి రమ్మని" అంది. అని గోడవైపు తిరిగి పడుకుంది.

మర్నాడు అయిదున్నరకు బయల్దేరాలి. ఎండ ముదరక ముందే యాగంటిలో ఉండాలన్నది ప్లాను. అయిదింటికి నాకు మెలకువ వచ్చింది. హిందీ మేడమ్ అప్పటికే లేచి కూర్చుంది. డ్రాయింగ్ టీచరు స్నానం కూడా చేసింది. లెక్కలావిడ మాత్రం గాఢ నిద్ర. నోరు కొద్దిగా తెరుచుకుని, చెయ్యి చెంప కింద పెట్టుకుని చిన్నపిల్లలా పడుకుంది.

నేను లేపబోతే హిందీ మేడమ్ చెయ్యి అడ్డం పెట్టింది. "ఏడాదిన్నరయింది ఆమె తెల్లవార్లూ నిద్రపోయి. యాగంటి యాడికి పోతుంది?"

ముగ్గురం చీకట్లో అలాగే కూర్చున్నాం. డ్రైవరుకు ఫోను చేసి నిద్రపొమ్మన్నాం. ఎనిమిది దాటాక ఆమె ఉలిక్కిపడి లేచింది. టైము చూసి కోప్పడింది. తర్వాత ఏడ్చింది. ఆ తర్వాత ఉగ్గాని బజ్జీ రెండు ప్లేట్లు తింది.

ఈ ప్రయాణంలో మేము చేసిన అన్ని పనుల్లోకీ మంచి పని ఏదంటే, లేపకపోవడమేనని ఇప్పటికీ అనుకుంటాం.

కాకులు లేని కొండ

నంద్యాల నుంచి బనగానపల్లె మీదుగా యాగంటికి సుమారు యాభై అయిదు కిలోమీటర్లు. మామిడి పండుకు పేరిచ్చిన ఊరు బనగానపల్లె. 1948 దాకా నవాబుల సంస్థానం. ఆ మామిడికి 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది. ఊరి బయట పాడుబడ్డ నవాబు బంగళాను 2009లో వచ్చిన 'అరుంధతి' సినిమా పుణ్యమా అని ఇప్పుడు అరుంధతి బంగళా అంటున్నారు. కారులోంచే చూసి ముందుకు పోయాం.

యాగంటి చేరేసరికి పదిన్నర. ఎర్రటి కొండలు, మధ్యలో గుడి. కొండ అడుగు నుంచి ఊరే నీరు నంది నోటి గుండా కోనేట్లో పడుతుంది. ఉమామహేశ్వరులు ఇక్కడ లింగం కాదు, ఇద్దరూ ఒకే శిలలో రూపాలు. ఇప్పుడున్న ఆలయం విజయనగర రాజుల కాలానిది. అగస్త్యుడు ఇక్కడ వేంకటేశ్వరుణ్ణి ప్రతిష్ఠించబోతే విగ్రహం కాలి గోరు విరిగిందని, తపస్సు చేస్తే శివుడు ప్రత్యక్షమై ఇది తనకు తగిన చోటన్నాడని స్థలపురాణం. తపస్సుకు అడ్డొచ్చిన కాకులను ఆయన శపించాడనీ, అందుకే ఇక్కడ కాకులు వాలవనీ చెబుతారు.

గుహలు మూడు. అగస్త్యుడి గుహకు సుమారు 120 మెట్లు, నిటారుగా. అది వద్దనుకున్నాం. వేంకటేశ్వరుడి గుహకు మేము ముగ్గురం వెళ్లి వచ్చాం. హిందీ మేడమ్ నంది దగ్గర మండపంలో కూర్చుంటానంది. ఒకరిని వదిలి చూడకూడదన్న నా సూత్రం ఇక్కడ కాస్త వంగింది. కానీ తిరిగొచ్చేసరికి మాకంటే ఎక్కువ చూసింది ఆమే.

యాగంటి బసవన్న పెరుగుతున్నాడన్నది లోకప్రసిద్ధం. ఇరవై ఏళ్లకు ఒక అంగుళం చొప్పున పెరుగుతున్నాడని పురావస్తు శాఖవారు అన్నారని ఇక్కడ అందరూ చెబుతారు. ఆ రాయికి పెరిగే గుణముందని అంటారు. కలియుగాంతంలో లేచి రంకె వేస్తాడన్నది బ్రహ్మంగారి మాటగా ప్రచారంలో ఉంది. హిందీ మేడమ్ పక్కన కూర్చున్న ఒక ముసలావిడ చేత్తో చూపించి చెప్పిందట. "నేను పెండ్లయి వచ్చినప్పుడు దీని సుట్టూ తిరిగేటోళ్లం. ఇప్పుడు సందు యాడుంది? స్తంభమూ తీసేసినారు."

"నిజంగా రాయి పెరుగుతుందా?" అంది డ్రాయింగ్ టీచరు.

"ఏమో. ఆమె పెండ్లికూతురుగా వచ్చి, ముసలామె అయిపోయింది. ఆ లెక్క మాత్రం నిజం" అంది హిందీ మేడమ్.

లెక్కలావిడ మా మాటలు వినడం లేదు. తలెత్తి కొండ మీద, గోపురం మీద, చెట్ల మీద వెతుకుతోంది. కోతులున్నాయి, పావురాలున్నాయి. అరగంట వెతికి ఇంటికి ఫోను చేసి, "ఒక్కటి కూడా లేదండీ. నేనే చూసినా" అని చెప్పింది. అవతల ఆయన నవ్వు మా అందరికీ వినిపించింది.

గిన్నెలు తోమే బూడిద

యాగంటికి దగ్గర్లోనే, జుర్రేరు వాగు లోయలో జ్వాలాపురం ఉంది. మా నాలుగో చోటు అదే. సోషల్ టీచరుగా పట్టుబట్టి నేనే పెట్టించాను.

సుమారు 74 వేల ఏళ్ల కిందట ఇండోనేషియాలోని సుమత్రా దీవిలో తోబా అనే అగ్నిపర్వతం పేలింది. ఆ బూడిద గాలిలో వేల కిలోమీటర్లు కొట్టుకొచ్చి మన నేల మీద పడింది. జ్వాలాపురంలో అది మందంగా పేరుకుని, మట్టి కింద భద్రంగా మిగిలిపోయింది. మైఖేల్ పెట్రాగ్లియా, ధార్వాడకు చెందిన రవి కోరిశెట్టర్ తదితరులు ఇక్కడ తవ్వి చూస్తే, బూడిద పొరకు కిందా మనుషులు చేసిన రాతి పనిముట్లు దొరికాయి, పైనా దొరికాయి. అంత ఉత్పాతం తర్వాత కూడా ఇక్కడ మనుషులు బతికి బట్టకట్టి ఉంటారని వాళ్లు 2007లో ప్రకటించారు. ఆ మాట మీద శాస్త్రవేత్తలు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు.

ఈ బూడిదను ఇక్కడివాళ్లు ఏం చేశారో తెలుసా? గిన్నెలు తోమే పొడుల్లో వాడకానికి తవ్వి అమ్మారు! పొలం గట్టున ఒక రైతు పాత గుంత అంచులో పాలిపోయిన చార చూపించాడు. లెక్కలావిడ చిటికెడు వేళ్ల మధ్య రాసి చూసింది. మెత్తగా, అందులోనే గరగరగా ఉంది. "డెబ్బై నాలుగు వేల ఏండ్ల నాటి దాంతో అంట్లు తోముకున్నామా మనం!" అంది. నలుగురం ఎండలో నిలబడి పగలబడి నవ్వాం. ఆ చిటికెడు అక్కడే రాల్చేశాం. ఇలాంటి చోట రాయి గానీ, మట్టి గానీ ఇంటికి తెచ్చుకోకూడదు.

తిరుగు దారి బేతంచెర్ల మీదుగా. ఆ పక్క బిల్లసర్గం గుహల్లోనే బ్రూస్ ఫుట్, ఆయన కొడుకు హెన్రీ 1884 ప్రాంతంలో తవ్వకాలు జరిపి పాతకాలపు జంతువుల ఎముకలు తీశారు. ఫుట్ జీవితమంతా దేశం తిరిగి ఏరిన రాతి పనిముట్లను 1904లో మద్రాసు మ్యూజియం కొనుక్కుంది. పిల్లలకు నేను ఈ పాఠం ఎన్నిసార్లు చెప్పానో! ఆ గుహలు మా ఇంటికి గంటన్నర దూరంలో ఉన్నాయని మాత్రం ఒక్కసారీ చెప్పలేదు.

అయిదున్నరకు ఇల్లు చేరాం. ఆరు గంటల మాత్ర లెక్కలావిడే ఇచ్చింది. పర్సులో 1,640 మిగిలాయి.

మీరూ బయల్దేరుతున్నారా?

* ముందు ఒక పూట ప్రయాణం చేసి చూడండి. ఎవరు ఎంతసేపు నిలబడగలరో, ఎవరికి ఏం కావాలో అప్పుడే తెలుస్తుంది.

* అందరిలోకీ నెమ్మదిగా నడిచేవారిని బట్టి ప్లాను వేయండి. రోజుకు రెండు చోట్లు చాలు.

* ఇంట్లో మంచాన ఉన్నవాళ్లుంటే మనిషిని ఒక పూట ముందే పెట్టి చూడండి. జాగ్రత్తలు కాగితం మీద పెద్ద అక్షరాలతో రాసిపెట్టండి.

* మాత్రలు రెండు రోజులకు కాదు, నాలుగు రోజులకు సరిపడా పెట్టుకోండి. సగం చేతి సంచిలో, సగం పెట్టెలో. మందుల చీటీ ఫోటో తీసి ఫోనులో ఉంచుకోండి.

* లాడ్జిలో కింది అంతస్తు గది కావాలని చెప్పి, బయల్దేరే రోజు ఉదయం ఇంకోసారి ఫోను చేయండి. మేము చెయ్యలేదు, అనుభవించాం.

* దూరం నుంచి వచ్చేవారికి గుంటూరు, గుంతకల్లు వైపుల నుంచి నంద్యాలకు రైళ్లున్నాయి. యాగంటికి దగ్గరి స్టేషను బనగానపల్లె.

* గుడి ఆవరణలో చెప్పులుండవు. ఎండవేళ రాయి కాలుతుంది. పాత సాక్సులు ఒక జత సంచిలో వేసుకోండి.

* మడతపెట్టే చిన్న స్టూలు ఒకటి కారులో పడేసుకోండి. దాని విలువ రెండో గంటలో తెలుస్తుంది.

* శిల్పుల షెడ్లలో అడగకుండా ఫోటోలు తీయకండి, ఉలి ముట్టుకోకండి.

మిగిలిన 1,640 ఎవరికీ పంచలేదు. వచ్చే ప్రయాణానికని అదే పర్సులో ఉంచేశాం. పోయిన వారం లెక్కలావిడే ఫోను చేసింది. కొడుకు పూణే నుంచి వారం సెలవు మీద వస్తున్నాడట. "గీత కొంచెం పెద్దది చేద్దామా?" అంది.

శుక్రవారం సాలార్‌జంగ్‌కు సెలవు కాబట్టి మళ్లీ బుధ, గురువారాలే అనుకున్నాం. ఈసారి గడియారంలో బొమ్మ బయటికొచ్చి గంట కొట్టేటప్పుడు నేను జనం వైపు తిరగను. లెక్కపెట్టడానికి నాలుగే తలలు. నాలుగూ గడియారం వైపే చూస్తుంటాయి.